కావా పళ్ళెం పక్కన బొబ్బర్లన్నం

బొబ్బర్లు, అన్నం కలిపి, కీరదోస, టమాటా, ఉల్లిగడ్డ కోసి వేసి, నిమ్మకాయ పిండి చల్లగా తినేదాన్ని మా మనవరాలు సలాడ్ అంటుంది. అనుకోనీ. దానికి పేరు పెట్టే తీరిక నాకెప్పుడూ దొరకలేదు. మా ఆయన మాత్రం పెట్టాడు, దాణా అని. తొంభైల మొదట్లో ఒమాన్‌లో, రుస్తాఖ్ అనే ఊళ్ళో, ఆ మనిషి కళ్ళు నిలబెట్టడానికి కిందామీదా పడి నేను నేర్చుకున్న వంట అది. ఇప్పుడు టీవీలో వండి చూపించేవాళ్ళు అందులో ఏదో తెల్ల సాసు కలుపుతున్నారు. అది కలిపితే బొబ్బర్ల రుచి చచ్చిపోతుంది. వాళ్ళకు చెప్పేవాళ్ళు లేరు, అందుకే రాస్తున్నాను.

రాయడం నాకు యాభై దాటాక వచ్చింది. వాక్యాలు అటూ ఇటూ పోతే సర్దుకోండి. వంట మాత్రం అటూ ఇటూ పోదు.

మాది జగిత్యాల వైపు. మా ఆయన దర్జీ. ఊళ్ళో జాకెట్లు, లంగాలు కుట్టుకుంటూ ఉన్నవాడు అక్కడికి పోయి, మగవాళ్ళు వేసుకునే పొడుగు అంగీలు కుట్టడం నేర్చుకున్నాడు. దిష్‌దాషా అంటారు. దూరం నుంచి చూస్తే అన్నీ తెల్లగా ఒకేలా ఉంటాయి. దగ్గరికి పోతే మెడ చుట్టూ దారంతో సన్నటి పని, గొంతు దగ్గర వేలాడే చిన్న కుచ్చు. వేసుకునేవాడు అద్దంలో ముందు చూసేది ఆ మెడనే. మెడ కుదిరితే మంచి దర్జీ. కుదరకపోతే ఆ దుకాణం ముందు నుంచి కూడా నడవరు.

దుకాణం అర్బాబ్‌ది, అంటే యజమానిది. మా వీసాలు కూడా ఆయన పేరు మీదే. మా ఆయన అక్కడికి పోయిన కొన్నేళ్ళకు అర్బాబ్ ఇంట్లో పనికి ఆడమనిషి కావాల్సి వస్తే నన్ను పిలిపించారు. పిల్లల్ని మా అక్క దగ్గర బడికి పెట్టి పోయాను. అర్బాబ్ ఇంటి ప్రహరీకి ఆనుకొని మాకొక రూమ్, ఒక గ్యాస్ పొయ్యి. పొద్దున నేను వాళ్ళింట్లో, ఆయన దుకాణంలో. మధ్యాహ్నం ఎండకు దుకాణాలు మూసి మళ్ళీ సాయంత్రం తెరుస్తారు. ఆ నడుమ మా భోజనం.

మా ఆయన భోజనం చూడాల్సిందే. కంచం నిండా అన్నం కుప్ప పోయాలి. పప్పుకు ఒక కుప్ప, కూరకు ఒక కుప్ప, పెరుగుకు ఇంకొకటి. మా పెళ్ళిలో పంక్తి లేచిపోయాక కూడా ఈయన ఒక్కడే కూర్చొని తింటుంటే మా మేనత్త, "పిల్లగాడు బక్కగున్నడనుకున్నం, లోపట గరిసె ఉన్నది" అన్నది. గరిసె అంటే వడ్లు పోసుకునేది. నాకు ఆ మాట సిగ్గుగా అనిపించలేదు. తినే మనిషిని చూస్తే వండే చెయ్యికి హుషారు వస్తుంది.

ఒక చలికాలం నుంచి మెడలు వంకర పోవడం మొదలైంది. ముందు బల్బు బాగాలేదన్నాడు. బల్బు మార్చారు. దారం మంచిది కాదన్నాడు. దారం మార్చారు. అంగీలు తిరిగి రావడం ఆగలేదు. ఊరికే దాహం, ఊరికే బయటికి పోవడం. బక్కచిక్కిపోతున్నాడు. అర్బాబ్ చెడ్డవాడు కాదు. ఒకరోజు ఆయనే ఆసుపత్రికి తీసుకుపోయి, తిరిగొచ్చాక నా ముందే మా ఆయనతో హిందీలో చెప్పాడు: "రంజాన్‌కు ముందే పండుగ బట్టలన్నీ వస్తాయి. అప్పటికి నీ కళ్ళు బాగైతే నీ వీసా మళ్ళీ కట్టిస్తా. కాకపోతే ఊరికి పోయి రెస్ట్ తీసుకో. నేను ఇంకొకర్ని తెచ్చుకుంటా."

రెస్ట్ అంటే ఏమిటో గల్ఫ్‌లో ఉన్న ప్రతివాడికీ తెలుసు. పోయినవాడు మళ్ళీ రాడు. మాకు ఊళ్ళో చెయ్యడానికి భూమి లేదు, పెద్దోడి చదువు సగంలో ఉంది. అయితే ఆ రాత్రి మా ఆయన ఏడ్చింది వాటి కోసం కాదు. "నా చేతిల పని పోతాందే" అని ఏడ్చాడు.

ఆసుపత్రిలో డాక్టరమ్మ హైదరాబాద్ ఆమె. ఉర్దూలో మొదలుపెట్టి తెలుగులోకి వచ్చేది. షక్కర్ బీమారీ అని చెప్పింది. రక్తంలో చక్కెర పెరిగితే కళ్ళు మసకబారుతాయట, అది తగ్గితే మసక కూడా పోతుందట. గోళీలు ఇచ్చింది. నా వైపు తిరిగి, "మందు సగం పని జేస్తది, మిగతా సగం నీ చేతుల ఉన్నది అమ్మా. అన్నం తగ్గించు. బొబ్బర్లు, రాజ్మా, కూరగాయలు ఎక్కువ పెట్టు. చక్కెర, మిఠాయి బంద్" అన్నది.

"మిఠాయి మేం కొననే కొనం మేడం" అన్నాడు మా ఆయన. అబద్ధం చెప్పలేదు. మేం కొనేవాళ్ళం కాదు.

సరే, నా చేతుల్లో ఉందన్నది కదా. మొదటిరోజు బొబ్బర్లు ఉడకబెట్టి గుడాలు చేసి కంచంలో పెట్టి, పక్కన పిడికెడు అన్నం పెట్టాను. గుడాలన్నీ ఇష్టంగా తిన్నాడు. తిని చెయ్యి కడగకుండా కూర్చున్నాడు.

"ఏంది చూస్తున్నవ్?" అన్నాను.

"అన్నం పెడ్తవని చూస్తున్న."

"తిన్నవ్ గదా!"

"గుడాలు తిన్న. అన్నమేది?"

మనవాళ్ళ చిక్కు ఇదే. గుడాలు, గుగ్గిళ్ళు ఏవైనా సరే, వాన పడే సాయంత్రం గుమ్మంలో కూర్చొని నమిలేవి. వాటిని భోజనం అంటే ఎవరూ ఒప్పుకోరు. కాబట్టి బొబ్బర్లను అన్నంలోనే కలిపెయ్యాలి, విడదీయడానికి వీల్లేకుండా. అక్కడి నుంచి నా తిప్పలు మొదలయ్యాయి.

వేడి అన్నంలో కలిపితే ముద్దయిపోయింది. చూడ్డానికే బాగాలేదు. బొబ్బర్లు మరీ ఉడికితే పిండి, తక్కువ ఉడికితే రాళ్ళు. మాకు వచ్చేది ట్యాంకర్ నీళ్ళు, కొంచెం ఉప్పగా ఉండేవి. ఆ నీళ్ళలో పొద్దుటి నుంచి ఉడికించినా గింజ మెత్తబడలేదు. పైగా నేను అలవాటు కొద్దీ చింతపండు, ఉప్పు మొదట్లోనే వేసేదాన్ని. పులుపు పడితే గింజ ఇంకా బిగుసుకుంటుందని అప్పుడు తెలియదు. ఒక పూట మా ఆయన పంటి కింద గింజ పడి టక్‌మన్నది. "కండ్లు బాగైతయో లేదో గని పండ్లయితే పోయేటట్టున్నయ్" అన్నాడు.

విసుగొచ్చి డబ్బా బొబ్బర్లు తెద్దామని కోల్డ్‌స్టోర్‌కు పోయాను. అక్కడ కిరాణా కొట్టును అట్లా అంటారు. చదవడం రాదు కాబట్టి బొమ్మ చూసి తీసుకున్నాను. డబ్బా మీద గింజలు బాగానే ఉన్నాయి. తెచ్చి అన్నంలో కలిపాను. మా ఆయన మొదటి ముద్దకే మొహం వెలిగిపోయింది. "గిది మంచిగున్నదే! గిట్ల చెయ్యి రోజు." నాకు అనుమానం వచ్చి వేలితో నాకి చూశాను. తియ్యగా ఉంది. అవి తెల్లదొరలు పొద్దున తినే గింజలట, టమాటా రసంలో చక్కెర పోసి ఊరబెడతారట. కంచం లాక్కున్నాను. అంత ప్రేమగా తింటున్న మనిషి ముందు నుంచి కంచం లాక్కోవడం ఆ ఒక్కసారే.

నా అవస్థ అర్బాబ్ తల్లికి చెప్పుకున్నాను. ఆమెను నేను ఉమ్మీ అనేదాన్ని, అంటే అమ్మా అని. ఆమె నన్ను బింతీ అనేది, బిడ్డా అని. ఆమెది అరబీ, నాకు వచ్చిన కాస్త హిందీ, మిగిలినది చేతులతో. మూడు కలిపితే ఏ సంగతైనా అర్థమయ్యేది. ఆమె కూడా నాలాగే చదువుకోలేదు. నాకంటే బలంగా తిట్టేది. నా గింజలు నోట్లో వేసుకొని, తుపుక్కున ఉమ్మేసి, నా చేతికి ఒక బిందె ఇచ్చి తోట వైపు చూపించింది.

వాళ్ళ ఖర్జూరం తోటలోంచి ఫలజ్ పారేది. ఫలజ్ అంటే కొండల్లోంచి ఊళ్ళోకి తవ్వి తెచ్చిన కాలువ. నీళ్ళు తియ్యగా ఉంటాయి. ఆ నీళ్ళలో బొబ్బర్లు రాత్రి నానబోసి, పొద్దున ఆ నీళ్ళు పారబోసి, మళ్ళీ కొత్త నీళ్ళు పోసి ఉడికిస్తే వేళ్ళ మధ్య నొక్కగానే గింజ మెత్తగా అణిగింది. ఉమ్మీ నడుం మీద చెయ్యి పెట్టుకొని నిలబడి, ఉప్పు డబ్బా నాకు అందకుండా వెనక దాచుకున్నది. ఉడికాకే ఇచ్చింది. ఆమె ఉప్పు దాచడం ఒక్కటి చాలు, నాకు జన్మకు గుర్తుండిపోయింది.

అట్లా ఒక్కొక్కటే కుదిరింది. ఎట్లా చేస్తానో చెప్తాను. బొబ్బర్లు రెండొంతులు, అన్నం ఒక వంతు. అన్నం పలుకుగా వండి, వెడల్పు పళ్ళెంలో పరిచి ఫ్యాను కింద ఆరబెట్టాలి. బొబ్బర్లు నీళ్ళు వంపేసి అవి కూడా ఆరాలి. తడి ఉంటే అన్నం జావ అవుతుంది. కీరదోస, టమాటా, ఉల్లిగడ్డ సన్నగా కోసుకోవాలి. టమాటాలోని గింజల రసం తీసెయ్యాలి. కొత్తిమీర, పుదీనా కావలసినంత, పిసినారితనం వద్దు. రుస్తాఖ్ నిమ్మకాయలు చిన్నవి, పులుపు మాత్రం గట్టిది. వాటిని పిండి, ఎండబెట్టిన నల్ల నిమ్మకాయ ఒకటి దంచి ఆ పొడి చల్లేదాన్ని. చివరన జీలకర్ర, ఆవాలు, ఎల్లిపాయ, పచ్చిమిర్చితో పోపు. ఆ పోపు వాసన లేకపోతే మా ఆయన దగ్గరికి కూడా వచ్చేవాడు కాదు. అన్నీ కలిపి కొంచెం సేపు మూత పెట్టి వదిలెయ్యాలి. అప్పుడు పులుపు గింజ లోపలికి పోతుంది.

మొదటిసారి పెట్టినప్పుడు గిన్నె చుట్టూ చూశాడు.

"ఏందే ఇది, బర్లకు పెట్టే దాణ లెక్కున్నది?"

"బర్రె ఎప్పుడన్న దాణ బాలేదన్నదా? మూస్కొని తిను."

తిన్నాడు. రెండోసారి కూడా పెట్టించుకున్నాడు. కానీ పేరు మాత్రం దాణానే ఉంచాడు. సాయంత్రం దుకాణానికి పోతూ, "రేపు గూడ దాణనేనా?" అనేవాడు. "రేపు గూడ నువ్వేనా?" అనేదాన్ని.

కొన్ని వారాలు గడిచాయి. మళ్ళీ రక్తం పరీక్షకు పోయాం. పొద్దున ఏమీ తినకుండా రమ్మన్నారు కాబట్టి ఆయనకు నేను మంచినీళ్ళు కూడా లెక్కబెట్టి ఇచ్చాను. ముందు దుకాణానికి పోయి, ఇవ్వాల్సిన అంగీ ఒకటి ఇచ్చి, అక్కడి నుంచి ఆసుపత్రికి వచ్చాడు. నేను వరండాలో కూర్చొని ఉన్నాను, ధీమాగా. నా వంట మీద నాకు అంత నమ్మకం.

డాక్టరమ్మ కాగితం చూసి కళ్ళజోడు తీసింది. చక్కెర తగ్గలేదు. మొదటిసారికంటే పెరిగింది.

"ఏం పెడ్తున్నవమ్మా నువ్వు?" అని నన్ను అడిగింది.

"బొబ్బర్లన్నం మేడం. మీరు చెప్పినట్టే."

"అన్నం ఎంత?"

"పిడికెడు."

"సచ్ బోలో అమ్మా. భర్త అంటే ప్రేమ ఉంటది, తెలుసు. ప్రేమతోటి పెట్టిన అన్నం గూడ అన్నమే." మళ్ళొకసారి ఇట్లాగే వస్తే ఇంజక్షన్లు మొదలుపెట్టి, కళ్ళు చూపించుకోవడానికి మస్కట్ పంపుతానన్నది. అంతలో రంజాన్ వచ్చేస్తుంది. వీసా మాట ఇక ఎత్తనవసరం లేదు.

పిడికెడు అన్నం కొలిచి పెట్టిన ఆడదాన్ని దొంగను చేసింది ఆమె. ఆమె తప్పు లేదు, కాగితం అట్లా ఉంది. ఇక మిగిలింది ఒక్కటే. ఈ మనిషి నాకు తెలియకుండా ఎక్కడో తింటున్నాడు. దుకాణానికి నాలుగు షట్టర్ల అవతల మలయాళీ హోటల్ ఉంది. పరోటా, బిర్యానీ. అదే అనుకున్నాను.

రూమ్‌కు రాగానే అడిగాను. "హోటల్ల తింటున్నవా?"

"నీ మీద ఒట్టు, ఆ హోటల్ మెట్టు ఎక్కలే."

"మరి నీ నెత్తురుల చక్కెర ఏడికెల్లి వచ్చె? నేను పోసిన్నా?"

"నాకేం ఎరుక! పొద్దుగాల ఏం తినకుంట పోయిన. పగటికి నువ్వు పెట్టిన దాణ. రాత్రికి దాణ. నీకు నమ్మకం లేకపోతే నా కడుపు కోసి చూడు."

కోసి చూసే వీలుంటే చూసేదాన్నే. మరునాడు ఉమ్మీకి ఒక గుడ్డ దర్జీకి ఇచ్చి వస్తానని చెప్పి, పొద్దు బాగా ఎక్కాక దుకాణానికి బయలుదేరాను. ఆ వేళ నేను ఎప్పుడూ అటు పోలేదు. హోటల్లో తొంగి చూశాను. లేడు. దుకాణం అద్దం దగ్గరికి పోయి, వేలాడుతున్న అంగీల సందులోంచి చూశాను.

మా ఆయన కుట్టు మిషన్ ముందు కాదు, కింద చాప మీద కూర్చొని ఉన్నాడు. ఎదురుగా ముగ్గురు ముసలివాళ్ళు, తలపాగాలు, చేతి కర్రలు. మధ్యలో ఒక పళ్ళెం. ఫ్లాస్కు నిండా కావా, అంటే వాళ్ళు తాగే చేదు కాఫీ. దాని పక్కన ఖర్జూరాలు. ఇంకో గిన్నెలో హల్వా, నేతితో నిగనిగలాడుతూ. ఒక పెద్దమనిషి గిన్నెను మా ఆయన వైపు జరిపాడు. మా ఆయన మూడు వేళ్ళతో హల్వా తీసుకొని నోట్లో పెట్టుకున్నాడు, గుళ్ళో ప్రసాదం తీసుకున్నంత భక్తిగా. ఆ తర్వాత ఖర్జూరం. ఆ తర్వాత మళ్ళీ హల్వా.

వాళ్ళు లేచి పోయేదాకా బయట ఎండలో నిలబడ్డాను. పోయాక లోపలికి పోయాను.

"ఏందిది?"

నన్ను చూసి నిజంగానే సంతోషపడ్డాడు. "నువ్వేంది గీడికి?"

"పొద్దుగాల నుంచి ఏం తిన్నవ్ చెప్పు."

"ఏం తినలే."

"నా కండ్లు బాగనే ఉన్నయ్, చెడిపోయినయ్ నీయి! ఇప్పుడు తిన్నదేంది?"

ఆయనకు మొదట అర్థం కాలేదు. చేతి వేళ్ళు చూసుకున్నాడు. "గిదా? గిది తినుడా? గిది మర్యాద! కొలతలియ్యనికి వచ్చినోళ్ళు తెస్తరు. వాళ్ళు ముందల పెట్టినంక ముట్టకపోతే నారాజయితరు. ఒకాయన వచ్చి పోతే ఇంకొకాయన వస్తడు."

"ఆసుపత్రికి పోయిన నాడు గూడ వచ్చిండ్రా?"

ఆలోచించాడు. "అంగీ తీస్కపోనికి వచ్చినాయన తెచ్చిండు. కొద్దిగనే."

నాకు నవ్వాలో నెత్తి కొట్టుకోవాలో తెలియలేదు. ఈ మనిషి నా దగ్గర దాచలేదు. డాక్టరమ్మ దగ్గరా దాచలేదు. కంచంలో పడి, చేత్తో కలిపితేనే తిండి ఆయనకు. పెద్దమనిషి చేత్తో అందించింది తిండి లెక్కలోకి రాదు, గౌరవం లెక్కలోకి వస్తుంది. మా వైపు అందరం అంతే. పెళ్ళికి పోయి నాలుగు లడ్డూలు తిని, భోజనం చెయ్యలేదు కాబట్టి ఆకలితో వచ్చామంటాం. నేను కూడా ఆయన నోట్లోకి పోయే అన్నాన్నే కాపలా కాశాను. వేరే దారి ఉంటుందని తోచలేదు.

"రేపటి నుంచి వద్దని చెప్పు" అన్నాను.

"ఎట్ల చెప్త? కావా వద్దంటే ఫింజాన్ ఊపుతే అయిపోతది." ఫింజాన్ అంటే కావా పోసే చిన్న గిన్నె. దాన్ని అటూ ఇటూ ఊపితే ఇక చాలని అర్థం. "హల్వాకు ఏమూపాలె? ఈడ దర్జీ దుకాణాలు మస్తున్నయ్. నా దగ్గర కూసొని తింటరు గాబట్టే నా దగ్గర కుట్టించుకుంటరు."

అదీ నిజమే. హల్వా తింటే కళ్ళు పోతాయి, వద్దంటే గిరాకీ పోతుంది. ఏది పోయినా పని పోతుంది.

ఉమ్మీ దగ్గరికి పోయి కూలబడ్డాను. మొత్తం చెప్పాను, వేళ్ళతో హల్వా తీసుకోవడం కూడా చేసి చూపించాను. ఆమె నవ్వి నవ్వి ముసుగుతో కళ్ళు తుడుచుకున్నది. తర్వాత నా మోకాలి మీద ఒకటి చరిచింది.

"బింతీ, ఆ దుకాణం ఎవరిది?"

"అర్బాబ్‌ది."

"కాదు. అందులో కూర్చునేది ఎవరు?"

"మా ఆయన."

"మరి వచ్చినవాళ్ళకు అతను ఏం పెడుతున్నాడు?"

ఏం పెడతాడు? మంచినీళ్ళు. ఆ మాటే చెప్పాను.

ఆమె మొహం చిట్లించింది. చేతులు తిప్పుతూ మెల్లగా, నాకు అర్థమయ్యేదాకా చెప్పింది. అతని దగ్గర పెట్టడానికి ఏమీ లేదు కాబట్టి పాపం అని వాళ్ళు తెస్తున్నారు. తెచ్చినవాళ్ళది పెట్టే చెయ్యి, అతనిది తినే చెయ్యి అయింది. పెట్టే చెయ్యి అతనిదైతే ఎవరూ అతని నోటి వంక చూడరు. ఇంటివాడు వడ్డించాలి, అందరూ తింటున్నారా లేదా చూసుకోవాలి. తాను ఎంత తిన్నాడని ఎవరడుగుతారు?

నేను ఆమె చెయ్యి పట్టుకున్నాను. వదిలించుకొని, "పో, బొబ్బర్లు నానబొయ్యి" అన్నది.

మరునాడు చీకటితోనే లేచి పెద్ద గిన్నెడు చేశాను. పొద్దున్నే ఉమ్మీ తన పాత ఫ్లాస్కు నిండా కావా కాచి ఇచ్చింది. చక్కెర లేని కావా ఆయనకు ఏమీ చెయ్యదు. దుకాణానికి నేనే మోసుకుపోయి, చాప పరిచి, మధ్యలో గిన్నె పెట్టాను. మా ఆయన బిత్తరపోయాడు.

"దాణ వాళ్ళకు పెడ్తవా? నా ఇజ్జత్ తీస్తవా?"

"వాళ్ళు ముందల పెడితే నువ్వు ముట్టుకుంటవ్ గదా. నువ్వు పెడితే వాళ్ళు గూడ ముట్టుకుంటరు. తఫద్దల్ అను, అంతే."

తఫద్దల్ అంటే దయచేయండి, తీసుకోండి అని. నేను బట్టల చాటున నిలబడ్డాను. మొదట వచ్చింది ముందురోజు చూసిన పెద్దమనిషే. గిన్నె వంక, మా ఆయన వంక చూశాడు. మా ఆయన గొంతు సవరించుకొని తఫద్దల్ అన్నాడు. ఆ పెద్దమనిషి కుడిచేత్తో ఒక ముద్ద తీసుకొని నోట్లో పెట్టుకున్నాడు. పచ్చిమిర్చి తగిలింది. మొహం ఎర్రబడింది, కళ్ళల్లో నీళ్ళు. నా ప్రాణం పోయింది.

"హార్!" అన్నాడు, కారం అని. దగ్గాడు. ఇంకో ముద్ద తీసుకున్నాడు.

వెనక వచ్చినాయన, "ఏమిటది?" అని అడిగితే ఆ మొదటి పెద్దమనిషి గిన్నెను తన వైపు లాక్కొని, "నీకు పడదు" అన్నాడు. దాంతో ఆయన కూడా కూర్చున్నాడు. వాళ్ళు తెచ్చిన హల్వా కూడా చాప మీదికి వచ్చింది. కానీ ఇప్పుడు మా ఆయన ఇంటివాడు. కావా పోస్తున్నాడు, గిన్నె జరుపుతున్నాడు, హల్వాను తీసి అందరికీ పంచుతున్నాడు, తన ముందు మాత్రం బొబ్బర్లన్నం. హల్వా తినమని ఎవరూ పట్టుబట్టలేదు. ఆ మనిషి అంత నిటారుగా కూర్చోవడం నేను అప్పటిదాకా చూడలేదు.

ఆ రోజు నుంచి రోజూ గిన్నె పోయింది. పచ్చిమిర్చి తగ్గించాను. ఉమ్మీ తోటలోంచి నిమ్మకాయలు పంపేది. కొందరు కొలతలు ఇచ్చే పని లేకపోయినా వచ్చి కూర్చునేవారు. అర్బాబ్ ఒకసారి వచ్చి, తిని, గిన్నె అడుగు చూసి పోయాడు. మా ఆయన సాయంత్రం రాగానే, ఎవరు ఎంత తిన్నారో, ఎవరు ఏమన్నారో చెప్పేవాడు. వండింది తనే అన్నట్టు చెప్పేవాడు. చెప్పనిచ్చాను.

రంజాన్ నెలవంకకు కొద్ది రోజుల ముందు మళ్ళీ పరీక్ష. ఈసారి నేను ఆయన్ని దుకాణం వైపు పోనివ్వలేదు. మంచం మీద నుంచి లేపి నేరుగా ఆసుపత్రికి నడిపించుకుపోయాను, దారిలో ఎవరు సలాం చెప్పినా ఆగనివ్వకుండా. డాక్టరమ్మ కాగితం చూసింది. ఒకసారి మళ్ళీ చూసింది. పూర్తిగా దిగలేదు, కానీ బాగా దిగిందన్నది. ఇంజక్షన్లు వద్దు, గోళీలు చాలు. గోడ మీది అక్షరాల పటం దగ్గరికి తీసుకుపోయింది. మా ఆయనకు అక్షరాలు రావు, నాకూ రావు. ఆమెకు ఆ సంగతి అప్పుడు గుర్తొచ్చి, తన కోటు గుండీ దగ్గర కుట్టు చూపించి, "ఇది ఎట్లుంది?" అని అడిగింది.

మా ఆయన వంగి చూశాడు. "మేడం, గిది మిషన్ కుట్టు. దారం వదులైంది. రెండు పోగులు తెగినయ్. ఇప్పి ఇయ్యున్రి, సాయంత్రం వరకు కుట్టిస్త."

డాక్టరమ్మ నా వైపు తిరిగి, "మొన్న నిన్ను అట్ల అన్న, మనసుల పెట్టుకోకు" అన్నది. నేను పెట్టుకున్నాను. ఇప్పటికీ ఉంది. కానీ నాకు ఆమె అంటే ఇష్టం కూడా.

ఆ పండుగకు ఆయన కుట్టిన మెడ ఒక్కటి కూడా తిరిగి రాలేదు. పండుగ అయ్యాక అర్బాబ్ మా ఇద్దరి పాస్‌పోర్టులు తీసుకుపోయి, వీసా మళ్ళీ వేయించి తెచ్చి మా ఆయన చేతిలో పెట్టాడు. మా ఆయన వాటిని తీసుకొచ్చి మంచం మీద పెట్టి, కంచం ముందు కూర్చున్నాడు. నేను మూత తీశాను. కొత్తిమీర, నిమ్మకాయ వాసన రూమ్ అంతా కమ్ముకుంది.

గిన్నెలోకి చూశాడు, నా మొహంలోకి చూశాడు.

"అంటే, ఇగ రెండేండ్లు గిదేనా?"

"వీసా ఉన్నన్ని దినాలు గిదే."

"ఊరికి పోతే ఒక్క పూట అన్నం పెడుదువా?"

"పోతవా మరి? అర్బాబ్‌కు చెప్పాల్నా?"

ఆయన గిన్నె దగ్గరికి లాక్కొని ఒక ముద్ద తిని, "ఉప్పు తక్కువైంది" అన్నాడు. ఉప్పు సరిపోయింది. నాకు తెలుసు. అయినా ఇంకొంచెం చల్లాను.